తూటా అడుగున లేని పేరు

  ఎప్పటిలాగే ఇది మాట్లాడిందాన్ని కాస్త సరిచేసి రాసిన పాఠం. వినడానికి టైం లేనివాళ్ళు చదువుకోండి.

పోయినసారి ఎయిర్‌పోర్టు సంగతి మొదలుపెట్టి సగంలో వదిలేశాను. చాలామంది వాయిస్ మెసేజ్‌లు పెట్టారు. కువైట్ నుంచి ఒక తమ్ముడైతే, "అన్నా, ఆ తూటా కథ పూర్తి చెయ్, నిద్ర పడ్తలేదు" అన్నాడు. సరే, అదే చెప్తాను.

కొత్తగా వింటున్నవాళ్ళ కోసం రెండు ముక్కలు. మాది జగిత్యాల వైపు. లేత్ పని నేర్చుకుంది బాలానగర్‌లో. తర్వాత తొమ్మిదేళ్ళు షార్జాలో. మా అక్క స్పాన్సర్ చేస్తే, ఏళ్ళకేళ్ళు ఎదురుచూసి, ఇప్పుడు అమెరికాలో ఐడహో రాష్ట్రంలో, బోయిసీ ఊళ్ళో ఒక మెషీన్ షాపులో పని చేస్తున్నాను. షాపులో నా పక్క మెషీన్ మీద ఒక పెద్దాయన ఉంటాడు. డెబ్బైకి దగ్గర పడ్డాడు, ఇంకా రిటైర్ అవ్వడు. నేను ఇంటికి వెళ్తున్నానని తెలిసి, "మీ అబ్బాయికి ఇవ్వు" అని ఒక ఇత్తడి కేసు చేతిలో పెట్టాడు. కాల్చేసిన రివాల్వర్ తూటా అది. గుండు లేదు, మందు లేదు, వట్టి ఇత్తడి గొట్టం. బఫ్ చేసి మెరిపించాడు. అడుగున గుండ్రంగా "44 రెమ్ మాగ్" అని అక్షరాలు.

ఇక్కడ బయల్దేరేటప్పుడు స్కానర్ దగ్గర ఎవరూ ఏమీ అనలేదు. మధ్యలో విమానం మారే చోట పట్టుకున్నారు. రెండున్నర గంటలు ఒక గదిలో కూర్చోబెట్టారు. ఖాళీది సార్, గుండు లేదు సార్ అని నాకొచ్చిన అరబిక్‌లో, హిందీలో, ఇంగ్లిష్‌లో చెప్పాను. చివరికి కేసు తీసేసుకుని, ఏదో కాగితం మీద సంతకం పెట్టించుకుని వదిలారు. ఫ్లైట్ పోయింది. మా చెల్లెలి కొడుకు పెళ్ళిలో నేను తలంబ్రాలు చూడలేదు, భోజనాల టైముకి చేరాను. ముందే చెప్తున్నాను, కీచైన్ అయినా సరే, బొమ్మలా ఉన్నా సరే, తూటా ముక్క ఏదీ బ్యాగులో పెట్టుకోకండి. నిజం తూటా ఒక్కటి సామాన్లో దొరికితే మన ఇండియాలో కూడా ఆయుధాల చట్టం కింద కేసే.

ఆ గదిలో ఉన్నప్పుడు ఆఫీసరు ఆ కేసుని వేళ్ళ మధ్య తిప్పుతూ అడిగాడు, "రెమ్ అంటే ఎవరు? మాగ్ అంటే ఎవరు?" అని. రెమ్ అంటే రెమింగ్టన్ కంపెనీ, మాగ్ అంటే మాగ్నం అని చెప్పాను. అంతకుమించి నాకూ తెలియదు. తిరిగొచ్చాక పెద్దాయన్ని అడిగితే నవ్వి, "ఉండాల్సిన పేరు దాని మీద లేదు" అన్నాడు. ఆ పేరు ఎల్మర్ కీత్. ఆ తర్వాత రెండేళ్ళుగా లంచ్ టైంలో ఆయన చెప్పిందీ, నేను చదువుకున్నదీ కలిపి ఈరోజు చెప్తున్నాను.

కీత్ 1899లో మిస్సోరి రాష్ట్రంలో పుట్టాడు. పన్నెండేళ్ళప్పుడు మోంటానాలోని మిస్సౌలా ఊళ్ళో హోటల్ తగలబడితే అందులో కాలిపోయాడు. బతకడనుకున్నారు. బతికాడు గానీ ఎడమ చెయ్యి వంకరతిరిగి అతుక్కుపోయింది. ఇంట్లోవాళ్ళ చేతే ఆ చెయ్యి మళ్ళీ విరగ్గొట్టించుకుని, బద్దకు కట్టించుకుని సాపు చేసుకున్నానని తర్వాత తన ఆత్మకథలో రాసుకున్నాడు. నాకు ఎడమచేతి ఉంగరపు వేలు మొదటి కణుపు లేదు, బాలానగర్ పవర్ ప్రెస్ తీసుకుపోయింది. అందుకేనేమో, ఆయన కథలో ఈ భాగం దగ్గర నేను కాసేపు ఆగిపోయాను.

చదువు పెద్దగా లేదు. గుర్రాలు, పశువులు, వేట, వేటకి వచ్చే డబ్బున్నవాళ్ళకి కొండల్లో దారి చూపించడం, ఇదీ బతుకు. నడుముకి ఎప్పుడూ రివాల్వర్. కొండల్లో గుర్రం మీద తిరిగేవాడికి రైఫిల్ ఎప్పుడూ చేతిలో ఉండదు. గుర్రం పడిపోయి కాలు ఇరుక్కున్నా, ఎలుగు ఎదురొచ్చినా చేతికందేది నడుముకున్నదే. అది గట్టిగా కొట్టాలన్నది ఆయన పట్టుదల.

ఇక్కడ తూటా అంటే ఏంటో కాస్త చెప్పాలి. సినిమాల్లో మనం బుల్లెట్ అంటాం గానీ, బుల్లెట్ అంటే ముందు ఎగిరిపోయే సీసపు గుండు మాత్రమే. ఇత్తడి కేసు, అడుగున చిన్న ప్రైమర్, లోపల మందు, మూతి దగ్గర గుండు, ఈ నాలుగూ కలిస్తే తూటా. సుత్తి ప్రైమర్‌ని కొడితే మందు అంటుకుని గ్యాస్ అవుతుంది, ఆ గ్యాస్ గుండుని తోస్తుంది. గుండు బరువుని గ్రెయిన్లలో చెప్తారు. గల్ఫ్‌లో ఉన్నవాళ్ళకి ఇది తేలిగ్గా అర్థమవుతుంది. గోల్డ్ సూక్‌లో తులం అంటే 11.66 గ్రాములు కదా, అది సరిగ్గా 180 గ్రెయిన్లు. మన ఊళ్ళో ఇప్పుడు పది గ్రాములే తులం అంటున్నారు, అది వేరు. కీత్ కోరుకున్న గుండు 250 గ్రెయిన్లు. అంటే సూక్ లెక్కన దాదాపు తులంన్నర సీసం.

మొదట ఆయన వాడింది కోల్ట్ కంపెనీ పాత 45 రివాల్వర్. కౌబాయ్ సినిమాల్లో కనపడేది అదే. కేసు నిండా మందు దట్టించి, రైఫిల్‌కి వాడే బరువు గుండు పెట్టి కాల్చేవాడు. 1925లో ఒకరోజు అది చేతిలోనే పేలిపోయింది. సిలిండర్ పైభాగం ఎగిరిపోయింది. ఆయనకి పెద్ద దెబ్బ తగల్లేదు, అదృష్టం.

మామూలు మనిషి అయితే మందు తగ్గిస్తాడు. లేదా తుపాకీ మానేస్తాడు. ఈయన సిలిండర్ గోడ మందం చూశాడు. మెషీన్ పని చేసేవాళ్ళు ఇది బాగా వినండి. రివాల్వర్ సిలిండర్‌లో ఆరు రంధ్రాలు ఉంటాయి. బయటి సైజు మారదు, రంధ్రం పెద్దదైతే గోడ పలచబడుతుంది. 45 కోల్ట్ కేసు అడుగు దగ్గర 480 థౌలు. 44 స్పెషల్ కేసు 457 థౌలు. తేడా 23 థౌలు. అంటే అదే సైజు సిలిండర్‌లో 44కి రంధ్రాలు వేస్తే, బయటి గోడకి పదకొండున్నర థౌలు ఎక్కువ దొరుకుతాయి, రెండు రంధ్రాల మధ్య గోడకైతే 23 థౌలు. మిల్లీమీటర్లలో చెప్తే బయటి గోడకి 0.3 లోపు. కాగితాలు మూడు పేర్చినంత. గోడ పలచగా ఉన్నచోట ఆ మూడు కాగితాలే చాలా పెద్ద తేడా. దాంతో 45ని పక్కనపెట్టి 44 స్పెషల్ పట్టుకున్నాడు. ఆ తర్వాత ముప్ఫై ఏళ్ళు వదల్లేదు.

44 స్పెషల్ తూటాని స్మిత్ అండ్ వెసన్ 1907 ప్రాంతంలో తెచ్చింది. కంపెనీ తూటాలో 246 గ్రెయిన్ల గుండు సెకనుకి 755 అడుగుల వేగంతో పోయేది. మెత్తటి తూటా, గురి బాగుండేది, అంతే. కేసులో ఇంకా ఎంతో చోటు ఖాళీ. మంచి ఉక్కు, మందమైన గోడ పెట్టుకుని ఇంత నెమ్మదిగా కొట్టడం ఏంటని కీత్ గొడవ. తన తూటాలు తనే నింపుకోవడం మొదలుపెట్టాడు. సీసంలో కాస్త తగరం కలిపి కరిగించి, అచ్చులో పోసుకుని, వేగం 1200 అడుగుల దాకా తెచ్చాడు. ఎంత మందు పోశాడన్నది నేను చెప్పను, అడగొద్దు. ఆయన దగ్గర ప్రెషర్ కొలిచే యంత్రం లేదు. కాల్చాక కేసు సిలిండర్‌లోంచి తేలిగ్గా జారి వస్తోందా, ఇరుక్కుంటోందా, ప్రైమర్ ఎంత చదునైంది, ఇవే కొలతలు. బాయిలర్ దగ్గర పాత ఫిట్టర్ చేత్తో తాకి చెప్పినట్టు. అది మంచి పద్ధతి కాదు. ఒక తుపాకీ ముందే పేలింది కదా.

గుండు సంగతి చెప్పకపోతే కథ సగమే. అప్పటి గుండ్ల ముక్కు గుండ్రంగా ఉండేది. ఒంట్లోకి దిగినా కండని పక్కకి నెట్టి పోతుంది, వెనకాల చిల్లు మూసుకుపోతుంది, జంతువు గాయంతో మైళ్ళు పరిగెత్తి ఎక్కడో చస్తుంది. కీత్ 1920ల చివర్లో తన గుండు తనే గీశాడు. ముక్కు వెడల్పుగా, చదునుగా. దాని వెనక పదునైన భుజం. ఆ భుజం పేపర్ పంచ్ చేసినట్టు శుభ్రంగా చిల్లు కోస్తుంది. బారెల్‌లోని గాడుల్ని పట్టుకోడానికి మూడు పట్టీలు, మూడూ సమాన వెడల్పు. గ్రీజు కోసం చదరపు గాడి. కేసు మూతిని లోపలికి మడిచి పట్టించడానికి ఏటవాలు గాడి ఇంకోటి. ఈ చివరిది చిన్న విషయం అనుకోకండి. గట్టి తూటా పేలినప్పుడు రివాల్వర్ వెనక్కి తన్నుతుంది. ఆ తన్నుకి పక్క రంధ్రాల్లో ఉన్న తూటాల గుండ్లు ముందుకి జారి, సిలిండర్ తిరక్కుండా ఇరుక్కుపోతుంది. ఎలుగు ఎదురుగా ఉన్నప్పుడు అలా అయితే అంతే సంగతి. ఆ గాడి దాన్ని ఆపుతుంది. ఒక చదువుకోని పశువులకాపరి గీసిన డ్రాయింగ్ అది. ఈరోజు నా చేతికిచ్చినా ఒక్క గీత మార్చకుండా లేత్ ఎక్కిస్తాను.

లైమన్ కంపెనీ ఆ అచ్చుని 429421 అనే నంబరుతో అమ్మింది. నంబరే, పేరు లేదు. నంబరులో మొదటి మూడు అంకెలు గుండు అసలు వ్యాసం, 429 థౌలు. అంటే 44 అనేది నిజానికి 44 కాదు, పాత కాలపు కొలత అలా ఉండిపోయింది. తర్వాత కంపెనీ ఆ చదరపు గాడిని గుండ్రంగా మార్చేస్తే ఈయనకి ఒళ్ళు మండిపోయింది. డ్రాయింగ్‌లో ఒకటి ఉంటే షాపులో ఇంకోటి చేస్తే ఎలా ఉంటుందో మనకి తెలుసు.

ఈయన గురించి బయటికి ఎలా తెలిసిందంటారా? ఉత్తరాలు రాసేవాడు. పత్రికలకి వ్యాసాలు రాసేవాడు. స్పెల్లింగులు దారుణం, ఎడిటర్లు దిద్దుకునేవాళ్ళు. ఫిలడెల్ఫియా నుంచి హెరాల్డ్ క్రాఫ్ట్ అనే ఆయన, ఇంత దూరం నుంచి రివాల్వర్‌తో కొడతానంటున్నాడు, నిజమో అబద్ధమో చూద్దామని, పెట్టె నిండా తుపాకులు వేసుకుని దేశం ఆ చివర నుంచి ఈ చివరకి, ఓరెగన్‌లో కీత్ ఉన్న పశువుల రాంచ్‌కి వచ్చాడు. 700 గజాల దూరంలో గురి పెట్టించి చూశాడు. నమ్మాడు. క్రాఫ్ట్ చేయించుకున్న తుపాకులకి ఒకటి నుంచి నాలుగు దాకా నంబర్లు ఉండేవి. ఇద్దరూ కలిసి ఆలోచించి కీత్ కోసం చేయించిందానికి నంబర్ అయిదు అని పేరు. నడుముకి కట్టుకుని తిరిగేది అదే. 44 స్పెషల్ పిచ్చోళ్ళంతా ఒకరికొకరు ఉత్తరాలు రాసుకుంటూ లెక్కలు చూసుకునేవాళ్ళు, ఇప్పటి మన వాట్సాప్ గ్రూపుల్లాగే. ఫార్వర్డులు మాత్రం తక్కువ.

1935లో 357 మాగ్నం వచ్చింది. స్మిత్ అండ్ వెసన్‌లో డగ్లస్ వెసన్, ఫిల్ షార్ప్ అనే రచయిత, వించెస్టర్ కంపెనీ కలిసి చేశారు. అంతకు ముందే కీత్ 38 స్పెషల్‌ని గట్టి తుపాకుల్లో గట్టిగా నింపి, దానికీ తన రకం గుండు ఒకటి చేసి, వ్యాసాలు రాసి పెట్టాడు. అంచేత దీంట్లో ఆయన చెయ్యి ఉంది గానీ మొత్తం ఆయనదే అంటే అబద్ధం. షార్ప్‌కి రావాల్సింది షార్ప్‌కి ఇవ్వాలి. మాగ్నం అంటే అసలు రెండు సీసాలంత పట్టే పెద్ద షాంపేన్ సీసా. మన భాషలో తూటాలో పోసేదీ మందే, సీసాలో పోసేదీ మందే, కాబట్టి మనకి ఈ పేరు తేలిగ్గా ఎక్కుతుంది.

ఈ 357లో ఒక తెలివి ఉంది. లోపల ఎంత ప్రెషర్ ఉన్నా పైకి 38 స్పెషల్ లాగే కనపడుతుంది. ఎవడైనా తాత కాలం నాటి 38లో పెట్టి కాలిస్తే తుపాకీ పేలుతుంది, చెయ్యి పోతుంది. అందుకని కేసుని 135 థౌలు పొడవు చేశారు. పాత తుపాకీలో పూర్తిగా దిగదు, సిలిండర్ మూసుకోదు. పాత తూటా కొత్తదాంట్లో పడుతుంది, కొత్త తూటా పాతదాంట్లో పట్టదు. వెల్డింగ్ షాపులో ఎసిటిలీన్ సిలిండర్‌కి ఎడమ మరలు, ఆక్సిజన్‌కి కుడి మరలు ఎందుకు పెడతారో అందుకే ఇది. నిద్రమత్తులో ఉన్నవాడు కూడా తప్పు చేయలేకుండా చేయడం. ఇప్పుడు కంపెనీల్లో దీన్నే పోకా-యోకే అని గోడ మీద పోస్టర్ వేస్తారు.

కీత్ మాత్రం 357తో తృప్తిపడలేదు. చిన్న గుండు వేగంగా పోవడం కాదు, పెద్ద గుండు సరిపడా వేగంతో పోవాలి అని ఆయన వాదన. 44 స్పెషల్‌లోనే నా లెక్క తూటా ఫ్యాక్టరీలో చేసి అమ్మండి అని కంపెనీల వెంటపడ్డాడు. వాళ్ళు ఒప్పుకోలేదు. జనం ఇళ్ళల్లో 1907 నాటి తుపాకులు ఉన్నాయి, వాటిల్లో పెట్టి కాలిస్తే ఎవరిది బాధ్యత అన్నారు. నిజం చెప్పాలంటే నేనైతే కంపెనీ పక్షమే. కీత్ తన తుపాకీ మందం తెలిసి నింపుకుంటున్నాడు, కొనేవాడికి ఏం తెలుసు?

యుద్ధం వచ్చింది. కీత్ యూటా రాష్ట్రంలో ఆగ్డెన్ ఆర్సెనల్‌లో ఇన్‌స్పెక్టరుగా చేరాడు. రిపేరయి వచ్చిన రైఫిళ్ళని పరీక్షించి ముద్ర వెయ్యాలి. ఆ ముద్ర నాలుగు అక్షరాలు: ఓ, జి, ఇ, కె. మొదటి రెండూ ఆగ్డెన్‌కి, చివరి రెండూ ఎల్మర్ కీత్‌కి. ఇప్పుడు ఏ రైఫిల్ చెక్క మీద ఆ ముద్ర కనపడితే దానికి ఎక్కువ రేటు పలుకుతుందని పెద్దాయన చెప్పాడు. ఎవరో చేసిన రైఫిళ్ళ మీద ఈయన పేరు పడింది, ఈయన ముప్ఫై ఏళ్ళు కొట్లాడిన తూటా మీద పడలేదు.

యుద్ధం అయ్యాక మళ్ళీ మొదలుపెట్టాడు. 1950లలో స్మిత్ అండ్ వెసన్‌కి కార్ల్ హెల్‌స్ట్రామ్ అధిపతి, ఆయన స్వయంగా ఇంజినీరు. కీత్ ఆయన్నీ రెమింగ్టన్ వాళ్ళనీ ఒప్పించాడు. పాత భయానికి జవాబు 357లోనే ఉంది: కేసు పొడవు పెంచడం. 44 స్పెషల్ 1.16 అంగుళాలు. కొత్తది 1.285. సరిగ్గా అంగుళంలో ఎనిమిదో వంతు. పొడవాటి సిలిండర్, మంచి ఉక్కు, కొత్త హీట్ ట్రీట్‌మెంట్, 1.3 కిలోల బరువు. 1955 చివర్లో 44 మాగ్నం తయారైంది. 1956 మొదట్లో మొదటి తుపాకుల్లో ఒకటి కీత్ ఇంటికి పోస్టులో వచ్చింది. అప్పటికి ఆయనకి యాభై ఏడు నడుస్తోంది.

తమాషా ఏంటంటే, ఆయన అడిగింది 250 గ్రెయిన్ల గుండుకి 1200 అడుగులు. రెమింగ్టన్ ఇచ్చింది 240 గ్రెయిన్ల గుండుకి 1400 దాటిన వేగం. పాత 44 స్పెషల్ కంటే శక్తి మూడు రెట్లకు పైగా. ముప్ఫై ఏళ్ళు వద్దు వద్దన్నవాళ్ళు, ఒప్పుకున్నాక అడిగినదానికంటే ఎక్కువ పెట్టారు. కొన్నవాళ్ళు చాలామంది తట్టుకోలేకపోయారు. ఆ రోజుల్లో సెకండ్ హ్యాండ్ 44 మాగ్నం కొంటే, దాంతోపాటు యాభై తూటాల డబ్బాలో నలభైనాలుగు మిగిలి వస్తాయని ఒక జోకు. ఆరు కాల్చి చాలు బాబోయ్ అన్నాడన్నమాట. నాకనిపిస్తుంది, 1200 అడుగుల దగ్గరే ఆగి ఉంటే కీత్‌కి ఇంకా ఎక్కువ మంది దణ్ణం పెట్టేవాళ్ళు. ఆయన మాత్రం అంత గట్టిదాన్ని కూడా ఇష్టంగానే కాల్చాడు, అది కూడా చెప్పాలి.

అదే 1956లో రూగర్ కంపెనీ కూడా 44 మాగ్నం రివాల్వర్ దించింది. 1964లో 41 మాగ్నం వచ్చింది. దాని కోసం అడిగినవాళ్ళు కీత్, ఇంకా బిల్ జోర్డాన్, స్కీటర్ స్కెల్టన్. పోలీసులకి 357 కంటే పెద్దది, 44 కంటే చేతికి సులువైంది కావాలని వాళ్ళ ఆలోచన. కానీ దానికిచ్చిన తుపాకీ బరువెక్కువ, గట్టి తూటా మరీ గట్టిగా ఉంది, పోలీసు శాఖలు ఏవో కొన్ని తీసుకున్నాయి, మిగతావి పట్టించుకోలేదు. కొనుక్కున్న వేటగాళ్ళు మాత్రం ఇప్పటికీ దాన్ని వదలరు.

జాక్ ఓకానర్ అని ఇంకో రచయిత ఉండేవాడు. కాలేజీలో పాఠాలు చెప్పినవాడు, ఇంగ్లిష్ పాలరాయిలా రాసేవాడు. తేలిక గుండు, ఎక్కువ వేగం, సరైన చోట తగిలితే చాలు అని ఆయన. బరువు గుండు లేకపోతే లాభం లేదు అని కీత్. ఇద్దరికీ జీవితాంతం పడలేదు. మన దగ్గర ఇద్దరు హీరోల ఫ్యాన్స్ ఎలాగో, అమెరికా వేటగాళ్ళు అలా రెండుగా చీలిపోయారు. అందులో కీత్‌ని ఎగతాళి చేయడానికి దొరికింది 600 గజాల కథ. వేరేవాళ్ళు రైఫిల్‌తో గాయపరిచిన జింక ఒకటి అంత దూరంలో తప్పించుకుపోతుంటే, కొత్త 44 మాగ్నంతో కొట్టి పడేశానని రాశాడు. 600 గజాలంటే అర కిలోమీటరు పైన. రివాల్వర్‌తో. కోతలు కోస్తున్నాడన్నారు. చివరికి 1979లో వచ్చిన ఆత్మకథకి పెట్టిన పేరే ఆ ఎగతాళికి జవాబు: అక్కడున్నది నేనయ్యా అని దాని భావం. నేను నమ్ముతానా? మొదటి గుండుకే తగిలిందంటే నమ్మను. ఆయన అలా అనలేదు, ముందు కొట్టినవి ఎక్కడ పడ్డాయో చూసుకుంటూ ఎత్తు సరిచేసుకున్నానన్నాడు. అది మన పనే కదా, ట్రయల్ కట్ వేసి, కొలిచి, ఆఫ్‌సెట్ మార్చడం.

1971లో డర్టీ హ్యారీ సినిమా వచ్చింది. క్లింట్ ఈస్ట్‌వుడ్ చేతిలో 44 మాగ్నం. అప్పటిదాకా వేటగాళ్ళకే తెలిసిన తుపాకీ షాపుల్లో దొరక్కుండా పోయింది. కొండల్లో గుర్రం మీద తిరిగేవాడి అవసరం కోసం పుట్టింది, నగరంలో మగతనం గుర్తు అయి కూర్చుంది. కథలో నాకు నచ్చని భాగం ఇదే. మనవాళ్ళు ఎంతమంది రాత్రుళ్ళు గ్యాస్ స్టేషన్లలో, స్టోర్లలో కౌంటరు వెనక నిలబడుతున్నారో, దోపిడీకి వచ్చినవాడి తుపాకీకి ఎంతమంది పోయారో వార్తల్లో చూస్తూనే ఉన్నాం. పెద్దాయనతో ఈ మాట అన్నాను. ఆయన వాదించలేదు. కాసేపు మెషీన్ తుడుస్తూ ఉండిపోయాడు.

ఈ టాపిక్ ఎత్తాను కాబట్టి అమెరికాలో ఉన్న తమ్ముళ్ళకి ఒక విషయం. స్టూడెంట్ వీసా, హెచ్1బి లాంటి వాటి మీద ఉన్నవాళ్ళు తుపాకీ గానీ తూటా గానీ దగ్గర ఉంచుకోవడం మామూలుగా ఫెడరల్ నేరం. వేట లైసెన్సు లాంటి కొన్ని మినహాయింపులు ఉన్నాయి. ఫ్రెండ్ తుపాకీ, ఫ్రెండ్ తీసుకెళ్ళిన రేంజ్, నేను ఊరికే రెండు కాల్చి ఫోటో దిగాను అంటే కుదరదు, చేతిలో పట్టుకోవడం కూడా లెక్కలోకి వస్తుంది. ఇన్‌స్టాలో పెట్టిన ఫోటోనే సాక్ష్యం. లాయర్‌ని అడక్కుండా ముట్టుకోకండి.

కీత్ 1984లో పోయాడు. ఆయన తర్వాత వచ్చినవాళ్ళు ఇంకా పైకి పోయారు. డిక్ కసుల్ తయారుచేసిన 454 కసుల్, జాన్ లైన్‌బా తూటాలు, 2003లో స్మిత్ అండ్ వెసన్ 500. కసుల్ పేరు తూటా మీదే ఉంది, లైన్‌బా పేరూ ఉంది. ఆ ఇద్దరికీ దారి వేసినాయన పేరు ఏ ఫ్యాక్టరీ తూటా అడుగునా లేదు. కాకపోతే ఒకటి. సీసం కరిగించి గుండ్లు పోసుకునేవాళ్ళు ఎవర్ని కదిపినా, ముక్కు చదునుగా, భుజంతో ఉన్న గుండుని చూపించి "కీత్ బుల్లెట్" అంటారు. 429421 అని ఎవరూ అనరు.

షార్జాలో నేనొక ఫిక్స్చర్ చేశాను. ఎనిమిది రంధ్రాల ఫ్లాంజి, ఒక్కోదానికి మార్కింగ్, పంచింగ్, డ్రిల్లింగ్ కలిపి నలభై నిమిషాలు పట్టేది. రాత్రి రూములో అట్టముక్క మీద గీసి, స్క్రాప్‌లో దొరికిన ప్లేటుతో చేసి, పదిహేను నిమిషాలకి దించాను. నెల తిరిగేసరికి దాని డ్రాయింగ్ ఆఫీసు నుంచి ప్రింటై వచ్చింది. డిజైన్ చేసినవారు అన్న గడిలో వేరే ఆయన పేరు. నేను ఏమీ అనలేదు, వీసా వాళ్ళ చేతిలో ఉంది. మొన్నామధ్య ఆ షాపులోనే ఇంకా ఉన్న ఒక నేపాలీ దోస్తు ఫోన్ చేశాడు. ఆ ఫిక్స్చర్ ఇంకా వాడుతున్నారట. కొత్త కుర్రాళ్ళు దాన్ని ఏమంటున్నారని అడిగాను. నా పేరే అంటున్నారట, "రాజుది పట్టుకురా" అని. నేను వెళ్ళిపోయాక చేరిన పిల్లలు, నన్నెప్పుడూ చూడలేదు.

పెద్దాయన ఇంకో ఖాళీ కేసు ఇచ్చాడు. అది బ్యాగులో పెట్టలేదు, నా టూల్ బాక్స్ పై అరలో, వెర్నియర్ పక్కన ఉంది. కొడుకుకి వీడియో కాల్‌లో చూపించాను. వాడు వెంటనే, "డాడీ, అడుగున ఏం రాసుంది?" అన్నాడు. కెమెరా దగ్గరకి పెట్టి, కీత్ పేరు నేనే పైకి చదివాను. లేనిది చదివానని వాడికి తెలియదు. వచ్చే సెలవులకి వెళ్ళినప్పుడు చెప్తాను.

వచ్చేవారం మళ్ళీ కలుద్దాం. ఎండల్లో పనిచేసేవాళ్ళు నీళ్ళు తాగుతూ ఉండండి. ఉంటాను.